ఆ గొంతులో గాంధారం ముందే ఉంది

ప్రశ్న: కర్ణాటకలో హున్సూరు దగ్గరి టిబెటన్ శిబిరం మీద 12 నిమిషాల డాక్యుమెంటరీకి సంగీతం చేస్తున్నాను. లామాల మంద్ర మంత్రపఠనం కింద సి మైనర్‌లో సెల్లో, బాస్ వేస్తే ఏది ఏదో తెలియకుండా గుయ్‌మంటోంది. వాళ్ల తాళాల దెబ్బలు క్లిక్‌కు (కంప్యూటరు ఇచ్చే లయ టిక్కుకు) కుదరడం లేదు.
– పాఠకుడు, విజయవాడ

జవాబు: ముందు మైనర్ వదలండి. గ్యూటో, గ్యూమే అనే టిబెటన్ తాంత్రిక మఠాల సంప్రదాయాల లామాల గొంతు సుమారు 65 హెర్ట్జ్‌లో ఉంటుంది. సెల్లో అట్టడుగు తీగదీ అదే శ్రుతి. ఆ గొంతులో 5, 10వ హార్మోనిక్స్ (మూల శ్రుతికి 5, 10 రెట్లు ఉండే పై స్వరాలు) బలంగా పలుకుతాయి. 65ను 5తో, 10తో హెచ్చించి చూడండి, రెండుచోట్లా వచ్చేది అంతర గాంధారమే. తంబురా మంద్ర తీగలో తనంతట వినబడే స్వయంభూ గాంధారం లాంటిదే, కాకపోతే ఇక్కడ ఇంకా గట్టిగా. దాని మీద మీరు సి మైనర్‌లోని సాధారణ గాంధారం (అంతర గాంధారం కన్నా అర స్వరం తక్కువ) వేశారు. ఆ కొట్లాట మిక్సింగుతో తీరదు.

షడ్జమ పంచమాలు మాత్రం వాయించండి. గాంధారం కావాల్సిందే అనుకుంటే అంతర గాంధారాన్నే కీబోర్డు కన్నా 14 సెంట్లు (అర స్వరంలో వందో వంతు ఒక సెంటు) దించి వేయండి. దించకపోతే సెకనుకు రెండు మూడుసార్లు స్వరం ఊగుతుంది. పఠనం శ్రుతి అంతటా ఒకేలా ఉండకపోవచ్చు, ప్రతి ముక్కనూ ట్యూనరుతో విడిగా కొలవండి.

సెల్లోను ఒక స్థాయి పైకి జరపండి, బాస్ తీసేయండి. గొంతులో 300–700 హెర్ట్జ్ మధ్య కోత పెట్టవద్దు. ఫోన్ స్పీకరు 65 పలకలేదు, ఆ పై భాగం విని చెవే మంద్రాన్ని ఊహించుకుంటుంది.

ఇక రోల్మో అనే ఆ తాళాలు. నేల మీద వదిలిన బంతి ఎగిరెగిరి ఆగినట్టు దెబ్బలు దగ్గరవుతూ పోతాయి. క్వాంటైజ్ చేశారా (సమాన లయ గీతలకు లాగారా), చచ్చాయే! ప్రతి దెబ్బకూ మార్కరు పెట్టి, టెంపో మ్యాప్ (వేగం మార్పుల పట్టిక) అక్కడి నుంచే తీయండి. స్ట్రింగ్స్ దాన్ని అనుసరించాలి. చివరి గబగబ దెబ్బల్లో ఒకే దీర్ఘస్వరం పట్టి ఊరుకోవడం మేలు.

దుంగ్చెన్ అనే పొడవాటి బూరలు జంటగా ఊదుతారు, ఒకరు ఊపిరి తీసుకునేటప్పుడు రెండోవారు నాదం నిలుపుతారు. ఒకదాన్నే రికార్డు చేసి కాపీ పెడితే తెలిసిపోతుంది. మైకు బూర వెడల్పు మూతికి మూడు నాలుగు మీటర్ల దూరంలో ఉండాలి. గ్యాలింగ్ మన సన్నాయికి చుట్టం, బుగ్గల్లో గాలి నిలిపి ఆపకుండా ఊదుతారు. కత్తిరించడానికి ఊపిరి సందు దొరకదు, క్రాస్‌ఫేడ్ (ఒక ముక్క తగ్గుతుండగా మరోదాన్ని పెంచడం) తప్పదు.

ఏ మంత్రం ఏ దృశ్యానికో మఠంలో చూపించి అనుమతి తీసుకోండి. భయపెట్టడానికి పూజామంత్రం వాడటం మాకైతే నచ్చదు. ‘కుందున్’ (1997) సినిమాలో సంగీత దర్శకుడు ఫిలిప్ గ్లాస్ పొడవాటి బూరలను ఆర్కెస్ట్రాతో ఎలా కలిపారో వినండి.

ప్రశ్న: సింగింగ్ బౌల్స్ (మోగే లోహపు గిన్నెలు) వేస్తే టిబెటన్ వాతావరణం వస్తుందా?
– పాఠకురాలు, వరంగల్

జవాబు: దుకాణం వాతావరణం వస్తుంది. మఠాల పూజా వాద్యాల్లో ఆ గిన్నెలు ఉండవు. జానపద ఛాయ కావాలంటే ద్రామ్‌యెన్ వీణ వాడండి.