విచారణ పేరుతో పదోన్నతి ఆపితే కోర్టుకు వెళ్లవచ్చా?
కర్నూలులో పనిచేసే ఒక సీనియర్ అసిస్టెంటు సందేహం ఇది: తనపై విచారణ ఉందంటూ ప్యానెల్‌లో (పదోన్నతికి అర్హుల జాబితాలో) పేరు పక్కన పెట్టి, జూనియర్‌కు పదోన్నతి ఇచ్చారు, కోర్టులో నిలుస్తుందా?

పదోన్నతి దానంతటదే హక్కు కాదు గానీ, అర్హులైనవారి పేరును పరిశీలించడం రాజ్యాంగం 16వ అధికరణం కింద హక్కే. ఇక్కడ ముందుగా చూడవలసింది ఛార్జి మెమో (శాఖ ఇచ్చే అభియోగాల పత్రం) తేదీ. ప్రాథమిక విచారణ నడుస్తోందన్న కారణం ఒక్కదానితో సీల్డు కవరు పద్ధతి (పదోన్నతి సిఫారసును మూసిన కవరులో పెట్టి, విచారణ తేలేదాకా తెరవకపోవడం) పాటించడం కుదరదని, ఛార్జి మెమో గానీ క్రిమినల్ కేసులో ఛార్జిషీటు గానీ వచ్చాకే అది వర్తిస్తుందని 1991లో జానకిరామన్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. పూర్తిగా నిర్దోషిగా బయటపడినవారికి, సీల్డు కవరులో సిఫారసు ఉంటే, జూనియర్‌కు ఇచ్చిన తేదీ నుంచే నోషనల్‌గా, అంటే కాగితం మీద ఆ తేదీ వేసి, పదోన్నతి దక్కుతుంది. ఆ కాలానికి జీతం బకాయిలు మాత్రం అన్ని కేసుల్లోనూ రావు, అసలు పేచీ అంతా అక్కడే.

ప్రభుత్వ ఉద్యోగుల సర్వీసు వివాదాలు విన్న రాష్ట్ర పరిపాలనా ట్రిబ్యునల్ రద్దయింది కనుక ఇప్పుడు అమరావతిలోని హైకోర్టులోనే రిట్ వేయాలి. ముందు వినతిపత్రం ఇచ్చి, ఇన్‌వార్డు సెక్షన్ ముద్ర పడిన నకలు దగ్గర పెట్టుకోండి. అయితే జవాబు వస్తుందిలే అని ఏళ్లు గడపకండి: జూనియర్ పదోన్నతిని ఆరు నెలల్లో, మహా అయితే ఏడాదిలో సవాలు చేయాలని సదాశివస్వామి కేసులో సుప్రీంకోర్టు 1974లోనే చెప్పింది.