మెక్సికో స్వాతంత్ర్య పోరాటం డోలోరెస్ లాంటి చిన్న ఊళ్లో ఎందుకు మొదలైంది?

అసలు ప్లాన్ అది కాదు. స్పెయిన్ పాలనపై తిరుగుబాటుకు మంతనాలు సాగింది కెరెతారో నగరంలో. 1810 సెప్టెంబరులో గుట్టు రట్టవడంతో అక్కడి అధికారి భార్య హోసెఫా ఓర్తిస్ రహస్యంగా కబురు పంపింది. అది డోలోరెస్ చర్చి ఫాదర్ మిగెల్ ఇదాల్గోకు చేరింది. దాక్కోవాలా, తెగించాలా? ఆయన తెగించాడు. 16న, ఆదివారం తెల్లవారుజామునే చర్చి గంట మోగించి జనాన్ని పోగుచేసి, తిరగబడమన్నాడు.

పిలవగానే జనం ఎందుకు కదిలారు? నా లెక్కలో అసలు సంగతి ఇదే. ఆయన వాళ్లకు కుండల తయారీ, పట్టుపురుగులు, తేనెటీగల పెంపకం నేర్పినవాడు. పరాయివాడు కాదు.

1811లో ఆయన్ని కాల్చి చంపారు. స్వాతంత్ర్యం 1821లో వచ్చింది. ఆ గంట ఇప్పుడు మెక్సికో సిటీలోని నేషనల్ ప్యాలెస్‌పై ఉంది.