పొయ్యిలో పెట్టిన నోటుబుక్కు

హన్మకొండ

తమ్మీ,

ఉత్తరం అందింది. కవితలు ఎట్లా ఉన్నాయో చెప్పమన్నావు, పంపింది మాత్రం మూడే. మిగతా నోటుబుక్కంతా పొయ్యిలో పెట్టానని చివర్లో ఒక్క ముక్క రాశావు. నేను అక్కడే ఆగిపోయాను.

ఆ పని నేనూ చేశాను. 1986లో, నాన్న పోయిన నెలకు, దొడ్లో నీళ్లు కాగబెట్టే పొయ్యిలో. బాధ తట్టుకోలేక కాల్చానని అందరికీ చెప్పుకున్నాను. అబద్ధం. నాన్న చావు నా చేతిలో లేదు, కవితలు ఉన్నాయి, అంతే. కాగితాలు అంటుకుంటుంటే హాయిగా కూడా అనిపించింది. ఆ తర్వాత రెండేళ్లు ఒక్క వాక్యం రాలేదు. నాన్న సైకిలు మీద రాసిన కవితలో ఇప్పుడు ఒక్క పాదం గుర్తుంది. అదీ అట్లాగే రాశానో లేదో.

బాధ తగ్గితే కవిత్వం పోతుందని భయమన్నావు. ఒకసారి పొద్దున్నే ఖిలా వరంగల్ వెళ్లిరా. కాకతీయుల కాలపు నాలుగు రాతి తోరణాలు నిలబడి ఉంటాయి, మధ్యలో స్వయంభూ ఆలయం ముక్కలై నేల మీద ఉంటుంది. 1323లో ఢిల్లీ సైన్యానికి ఓరుగల్లు చిక్కాక పోయిన గుడి అది. జనం అక్కడ ఫొటోలు దిగి, పాడుబడ్డా ఎంత అందమో అంటారు. ఆ అందం కూల్చినవాడు పెట్టిందా? ఎండలో కూర్చుని ఉలితో చెక్కినవాడిది కదా.

కవి దాశరథి నిజామాబాద్ జైల్లో గోడ మీద బొగ్గుతో పద్యాలు రాయలేదా అంటావు. రాశారు. కానీ ఆయనకు పద్యం నేర్పింది జైలు కాదు, లోపలికి వెళ్లేసరికే చేతిలో ఉంది.

మా కొత్తవాడలో దర్రీ నేసేటప్పుడు వరుస తప్పితే అక్కడిదాకా పేక, అంటే అడ్డం దారం, విప్పి మళ్లీ నేస్తారు. మగ్గం మీది నిలువు దారాలు, పడుగు, కోసి పారెయ్యరు.

నీ రెండో కవితలో 'రక్తం' ఐదుసార్లు వచ్చింది, ఒక్కసారీ నాకు తగల్లేదు. బస్టాండులో చల్లారిపోయిన చాయ్ తగిలింది. అది నువ్వు చూసి రాసింది. నిద్ర పట్టడం లేదని గొప్పగా రాశావు, ముందు డాక్టరుకు చూపించుకో. నచ్చని కాగితాలకు తేదీ వేసి ట్రంకు పెట్టెలో పడెయ్, తాళం అమ్మకివ్వు.

కాల్చినవాటిలో గుర్తున్నంత రాసి పంపు, తప్పులున్నా సరే. దసరా దాకా ఊళ్లోనే ఉంటాను.

నీ అన్న