మిగిలిన రోజు ఎవరిది?

ప్రియమైన అమ్మాయీ,

ఆకాశమే పళ్ల చక్రాల యంత్రంగా ఉన్న లోకం మీద నువ్వు రాస్తున్న నవలలోంచి పంపిన మూడు అధ్యాయాలూ, వాటితో పాటు పెట్టిన ఆ లోకపు క్యాలెండర్ పట్టికా రెండుసార్లు చదివాను. ఆకాశంలో చక్రాల చప్పుడు ఒక్క క్షణం ఆగేసరికి ఊళ్లో పసిపిల్లలందరూ ఒకేసారి లేచి ఏడవడం చాలా బాగుంది. ఆ పేజీ రాయగలిగిన మనిషివి కాబట్టే ఇంత వివరంగా రాస్తున్నాను.

పట్టిక సంగతికి వద్దాం. పది నెలలు, నెలకి 36 రోజులు, ఏడాదికి 360. వారానికి ఆరు రోజులు, నెలకి సరిగ్గా ఆరు వారాలు. ఎక్కడా శేషం లేదు. చిక్కంతా అక్కడే ఉంది. నీ కథలో మనుషులు తేదీలు చెప్పుకుంటున్నారు గానీ, ఏ తేదీ కోసమూ ఎదురుచూడటం లేదు. ఏ తేదీ వస్తుందో అని భయపడటమూ లేదు. నా మొదటి నవలకి నేనూ ఇలాగే నాలుగు పేజీల పట్టిక వేసుకున్నాను. కథ పూర్తయ్యాక చూస్తే, అందులో ఒక్క రోజు కూడా ఎవరికీ అవసరం పడలేదు.

మన భూమి లెక్క చూడు. ఏడాదికి 365.2422 రోజులు. అమావాస్య నుంచి అమావాస్యకి 29.53 రోజులు. ఒకటి ఇంకోదాంట్లో ఇమడదు. పన్నెండు చాంద్రమాసాలు పోగా దాదాపు 11 రోజులు మిగిలిపోతాయి. లీపు సంవత్సరాలు, అధిక మాసాలు ఇలాంటి మిగుళ్లని సర్దడానికే వచ్చాయి. 1582లో లెక్క తప్పిన పాత క్యాలెండర్‌ని సరిదిద్దినప్పుడు, ఇటలీ, స్పెయిన్‌లలో అక్టోబర్ 4, గురువారం రాత్రి పడుకున్నవాళ్లు లేచేసరికి అక్టోబర్ 15, శుక్రవారం అయింది. పది తేదీలు ఎగిరిపోయాయి, వారం మాత్రం తప్పలేదు. 10వ తేదీకి అప్పు తీరుస్తానని మాట ఇచ్చినవాడి సంగతేంటి? ఇలాంటి ప్రశ్న దగ్గరే క్యాలెండర్ కథలోకి అడుగుపెడుతుంది.

'నా లోకంలో ఆకాశమే యంత్రం కదా, చక్రానికి అరపన్ను ఉండదు కదా, మరి శేషం ఎక్కణ్ణుంచి వస్తుంది?' అని నువ్వు అడగాలి. అడిగావనే అనుకుంటాను. 60 పళ్ల పెద్ద చక్రం, 36 పళ్ల చిన్న చక్రం తీసుకో. పెద్దదాని మీద ఒక పంటికి ఎర్ర రంగు పూయి. చిన్నదాంట్లో ఆ పన్ను పడే సందుకి కూడా పూయి. పెద్ద చక్రం మూడు చుట్లు తిరిగేసరికి ఎర్ర పన్ను మళ్లీ ఎర్ర సందులో పడుతుంది. ఇప్పుడు చిన్నదానికి ఒక్క పన్ను కలిపి 37 చెయ్యి. పెద్ద చక్రం 37 చుట్లు తిరిగితే గానీ ఆ రెండూ మళ్లీ కలవవు. అరుగుదల అన్ని పళ్లకీ సమానంగా పడాలని ఇంజనీర్లు కావాలనే ఇలాంటి జతలు ఎంచుకుంటారు.

పెద్ద చక్రం ఒక చుట్టు నీ లోకంలో ఒక ఏడాది అనుకో. ఆ ఎర్ర పంటి కొస విరిగి ఉంది, ఆ సందులో చిన్న గరుకు ఉంది. అంటే 37 ఏళ్లకోసారి లోకమంతా ఒక్క కుదుపు కుదుపుతుంది. దాన్ని చూసినవాళ్లు ఊళ్లో కొద్దిమందే మిగిలి ఉంటారు. నీ రెండో అధ్యాయంలో కీ ఇచ్చే ముసలాయన ఉన్నాడు చూడు, ఆయన ముప్ఫై ఏళ్ల వయసులో దాన్ని చూసి ఉంటే?

గ్రీస్‌లో యాంటికితెరా దీవి దగ్గర మునిగిన ఓడలోంచి 1901లో బయటపడిన కంచు యంత్రంలో 223 పళ్ల చక్రం ఉంది. 223ని 1తోనూ, 223తోనూ తప్ప దేనితోనూ సమంగా భాగించలేం. రెండు వేల ఏళ్ల కిందట ఒక పనివాడు అన్ని పళ్లు ఆకురాయితో కోశాడంటే, గ్రహణాలు 223 చాంద్రమాసాలకోసారి అదే వరుసలో తిరిగి వస్తాయి కాబట్టి. అంకె అందం కోసం కాదు, ఆకాశం అడిగింది కాబట్టి. నీ 36కి కూడా అలాంటి కారణం ఒకటి కావాలి.

నెలల పేర్ల గురించి ఒక్క మాట. ఇత్తడి మాసం, రాగి మాసం అన్నావు. అంతా ఇత్తడే ఉన్నచోట ఇత్తడి అని ఎవరూ పేరు పెట్టరు. వాళ్లు చేసే పనుల్లోంచి పేర్లు తియ్యి: నూనె నెల, బిగింపు నెల, తుప్పు నెల. 'అది ఇత్తడి మాసం 14వ రోజు' అని మొదలుపెట్టిన చోట, 'నూనె నెల వచ్చి రెండు వారాలైనా పైచక్రం ఇంకా కీచుమంటూనే ఉంది' అని రాసి చూడు. తేదీ అందుతుంది, టెన్షన్ కూడా మొదలవుతుంది.

పట్టికని కొన్నాళ్లు పక్కన పెట్టు. నాలుగో అధ్యాయం కుదుపుకి ముందు రాత్రి దగ్గర మొదలుపెట్టు. ఊరంతా గిన్నెలు నేల మీదకి దించి పెట్టుకుంటోంది. ముసలాయన నూనె డబ్బా పట్టుకుని నిచ్చెన ఎక్కుతున్నాడు, కింద నిచ్చెన పట్టుకున్న పిల్ల పైకి ఏమని అడిగిందో రాసి పంపు.

ఆశీస్సులతో,
నీ పెద్దాయన