తాళం పడిన ఫోను గురించి మేనకోడలికి

చెన్నై, పెరంబూరు
మంగళవారం రాత్రి

చి.ల.సౌ. అమ్మలుకు మామయ్య ఆశీస్సులు.

సాయంత్రం నువ్వు అల్లుడి ఫోను నుంచి మాట్లాడినప్పుడు, ఏడుపులో నేను చెప్పింది సగమే విన్నావు. అందుకే అంతా రాసి ఆ ఫోనుకే పంపుతున్నాను. బాబును పడుకోబెట్టి నిదానంగా చదువు. ఒక్క పని మాత్రం చదవడానికి ముందే చేయి. తాళం పడిన నీ ఐఫోను మీద ఇంకొక్క అంకె కూడా ఊహించి కొట్టవద్దు. స్విచ్ ఆఫ్ చేయవద్దు. బాబు చేతికి అందని చోట, ఇంట్లో వైఫై అందే చోట, ఛార్జింగుకు పెట్టు.

నువ్వు చెప్పినదాన్ని బట్టి నాకు అర్థమైంది ఇది. బాబుకు పాత పాస్‌కోడ్ తెలిసిపోయిందని ఆదివారం రాత్రి పది గంటలకు కొత్తది పెట్టావు. సోమవారమంతా ముఖం చూపిస్తేనే ఫోను తెరుచుకుంది కాబట్టి కొత్త అంకెలు ఒక్కసారి కూడా నీ వేళ్ల మీదుగా వెళ్లలేదు. ఈ రోజు పొద్దున బాబు ముందు పాత అంకెలు, తర్వాత తోచిన అంకెలు కొట్టాడు. తప్పులు ఎక్కువయ్యేసరికి ఫోను ముఖాన్ని నమ్మడం మానేసి పాస్‌కోడే కావాలంది. అప్పుడు కంగారులో నువ్వు కొట్టినవీ తప్పాయి. ముందు నిమిషం ఆగమంది, తర్వాత ఐదు, తర్వాత పదిహేను, ఇప్పుడు గంటల్లోకి వచ్చింది. పదిసార్లు తప్పితే ఫోనంతా చెరిపేసే ఏర్పాటు ఐఫోనులో ఒకటి ఉంది. అది నీ ఫోనులో వేసి ఉందో లేదో మనం ఇప్పుడు చూడలేం. అందుకే ఊహించి కొట్టవద్దన్నాను.

ఇక ధైర్యం చెప్పే మాట. ఐఫోనును నడిపే సాఫ్ట్‌వేర్ ఐఓఎస్ 17 నుంచి, అంటే 2023 నుంచి, పాస్‌కోడ్ మార్చిన తర్వాత 72 గంటల వరకు పాతదానితో లోపలికి వెళ్లే దారి ఉంచారు. ఆ అప్‌డేట్ పోయిన సంక్రాంతికి నీ ఫోనులో నేనే వేసి ఇచ్చాను. ఆదివారం రాత్రి పది నుంచి లెక్క వేసుకుంటే నీకు బుధవారం రాత్రి పది వరకు సమయం ఉంది. ఫోను అందుబాటులో లేదని చెప్పే ఆ తెర మీద, కింది మూలలో ‘ఫర్‌గాట్ పాస్‌కోడ్’ అని చిన్న అక్షరాలు ఉంటాయి. దాన్ని తాకు. వచ్చే తెరలో పాత పాస్‌కోడ్ ఇవ్వమనే వరుస కనిపిస్తుంది, దాన్నే ఎంచుకో. పక్కన ఫోను చెరపమనే మాట కూడా ఉంటుంది. దాని మీద వేలు పడనీయకు. పాత అంకెలు ఇచ్చాక వెంటనే మరో కొత్త పాస్‌కోడ్ పెట్టమంటుంది. ముందే ఒక కాగితం మీద రాసుకుని, దాన్ని చూస్తూ పెట్టు. పాతదాన్ని వెంటనే రద్దు చేసే వీలు సెట్టింగుల్లో ఉంది కానీ, ఆదివారం నువ్వు అంత లోపలికి వెళ్లి ఉండవని నా నమ్మకం.

అది పని చేస్తే మిగతాదంతా రేపు తీరిగ్గా చదువుకో. పని చేయకపోతే మాత్రం తర్వాతి మాటలు ఈ రాత్రికే కావాలి.

రిచీ స్ట్రీట్‌లో ఫోన్లు బాగుచేసే దుకాణంలో ఇరవై రెండేళ్లు కౌంటరు వెనక కూర్చున్నాను. పాస్‌కోడ్ మరిచిపోయి వచ్చినవాళ్లలో చాలామందికి ఆ అంకెలు నిజంగా మరుపుకు రాలేదు. తలలో లేవు, వేళ్లలో ఉన్నాయి, అంతే. ఒకసారి రైలు కోచ్ ఫ్యాక్టరీలో పని చేసి రిటైరైన పెద్దాయన తన ఆండ్రాయిడ్ ఫోను తెచ్చారు. చుక్కలు కలిపే గీత తాళం. మూడు రోజులుగా తెరుచుకోలేదట. ఇంట్లో అందరూ పక్కన నిలబడి ‘గుర్తు చేసుకోండి’ అని అడిగిన కొద్దీ ఆయన చేతులు వణుకుతున్నాయి. ముందు ఆ ఫోను అద్దాన్ని దీపం కింద ఏటవాలుగా పట్టి చూశాను. వేలి జిడ్డు ఒక మెలికలా కనిపించింది కానీ, మూడు రోజుల తప్పుడు గీతలన్నీ దాని మీద పడి కలగలిసిపోయాయి. మొదలెక్కడో చివరెక్కడో తెలియలేదు. అప్పుడు ప్రాణం లేని పాత ఫోను ఒకటి ఆయన చేతిలో పెట్టి, ఇంటివాళ్లను టీ తాగి రమ్మని పంపి, ఫ్యాక్టరీలో ఏ విభాగంలో ఉండేవారని అడిగాను. పెయింటు విభాగం గురించి చెప్పుకుంటూ పోయారు. మాటల మధ్యలో ‘ఫోను తీసి మీ అబ్బాయికి చేయండి’ అన్నాను. నా వైపే చూస్తూ, బొటనవేలితో ఆ నల్లటి అద్దం మీద గీత గీసేశారు. కింది వరుస ఎడమ నుంచి మొదలై, పైకి వెళ్లి, అడ్డంగా తిరిగి కిందికి. అదే గీత అసలు ఫోను మీద ఒక్కసారే గీయించాను. తెరుచుకుంది.

నీ కొత్త పాస్‌కోడ్ వేళ్లకు అలవాటు కాలేదు కాబట్టి ఇది నీకు పూర్తిగా పనికిరాదు. కానీ పెట్టినప్పుడు రెండుసార్లు కొట్టావు కదా. ఆ రాత్రి ఎక్కడ కూర్చున్నావు, ఆ ఆరు అంకెలు ఎందుకు ఎంచుకున్నావు, దేని తేదీ, ఏ ఇంటి నంబరు, ఏ బండి నంబరు అన్నది నెమ్మదిగా తలచుకో. తోచినవి కాగితం మీద రాయి. ఫోను మీద మాత్రం కొట్టవద్దు. రేపు పొద్దున ఆ కాగితం నాకు చదివి వినిపించు. వాటిలో ఒకటో రెండో ఏరి అప్పుడు చూద్దాం.

నువ్వు అడిగావు, ‘మామయ్యా, ఇన్నేళ్ల అనుభవం ఉంది కదా, నువ్వు తెరవలేవా’ అని. తెరవలేను తల్లీ. నోకియా రోజుల్లో తెరిచేవాణ్ణి. అప్పట్లో చాలా ఫోన్లకు కంపెనీ పెట్టిన సంకేతం 12345. అది మార్చినా కేబులు పెట్టి తీసేసేవాళ్లం. తొలినాటి ఆండ్రాయిడ్ ఫోన్లలో గీత మరిచిపోతే గూగుల్ ఖాతా ఇచ్చి లోపలికి వెళ్లే దారి ఉండేది. ఇప్పుడు ఆ దారులు లేవు. 2014లో ఐఓఎస్ 8 వచ్చినప్పటి నుంచి ఐఫోనులోని సమాచారం నీ పాస్‌కోడ్‌తో ముడిపడిన గూఢలిపిలో ఉంటుంది. ఆ పాస్‌కోడ్ తాళానికి చెవి లాంటిది కాదు, ఆ లిపిని చదివే సూత్రంలో ఒక భాగం. దాని నకలు ఆపిల్ కంపెనీ దగ్గర కూడా ఉండదు. కాబట్టి ‘డేటా పోకుండా తెరిచి ఇస్తాం’ అనే ఏ దుకాణానికీ ఫోను ఇవ్వవద్దు, అది నేను పని చేసిన వీధిలోనే ఉన్నా సరే. అలా నమ్మి నాలుగు వేలు కట్టిన ఒక తండ్రి, కూతురి పెళ్లి ఫోటోలన్నీ పోయిన ఖాళీ ఆండ్రాయిడ్ ఫోనుతో నా కౌంటరు దగ్గరికి వచ్చి నిలబడ్డారు. వాళ్లు చేసింది ఫోను చెరపడం మాత్రమే. పైగా చెరిపిన తర్వాత ఫోను పాత గూగుల్ ఖాతా అడుగుతోంది. 2015 నుంచి ఆండ్రాయిడ్‌లో ఈ కాపలా ఉంది. ఆ ఖాతా పాస్‌వర్డ్ కూడా ఆయనకు తెలియదు. ఆ ముఖం నేను ఇప్పటికీ మరిచిపోలేదు.

నీ బాధ ఫోను గురించి కాదని నాకు తెలుసు. అందులో, మనల్ని విడిచి వెళ్లిన మీ అమ్మ గొంతు ఉంది. అది నాకూ అక్క గొంతే. అందుకే ఫోను సంగతి పక్కన పెట్టి, ఆ గొంతు ఇంకా ఎక్కడెక్కడ ఉందో వెతుకుదాం.

మొదటి చోటు నీ లాప్‌టాప్. ఇంటి నుంచి పని చేసేటప్పుడు అందులో వాట్సాప్ తెరిచి పెట్టుకుంటావు కదా. ఇప్పుడు ఫోను పక్కన లేకపోయినా కంప్యూటర్‌లోని వాట్సాప్ నడుస్తుంది. ఫోనులో 14 రోజులకు మించి వాడకపోతే మాత్రం దానంతట అదే మూతబడుతుంది. ఈ రాత్రే తెరిచి, అమ్మ పేరు మీద ఉన్న సంభాషణలోకి వెళ్లి, పైకి జరుపుకుంటూ ప్రతి మాట సందేశాన్నీ ఒక్కొక్కటిగా డౌన్‌లోడ్ చేసి ఒక ఫోల్డర్‌లో పెట్టు. చాలా పాతవి అక్కడ కనిపించకపోవచ్చు. కొన్ని, ఫోను ఆన్‌లో ఉండి నెట్ అందుతుంటేనే దిగుతాయి. స్విచ్ ఆఫ్ చేయవద్దనడానికి అది ఒక కారణం. రెండో కారణం చెబుతాను. ఐఫోను ఒకసారి ఆగి మళ్లీ మొదలైతే, పాస్‌కోడ్ ఇచ్చేవరకు ఇంటి వైఫైలో కూడా కలవదు. ఆగకుండా, ఛార్జింగులో, వైఫైలో, తాళం వేసి ఉంటే మాత్రం, ఆపిల్ వాళ్లు నెట్‌లో ఇచ్చే నిల్వ అయిన ఐక్లౌడ్‌లోకి బ్యాకప్ చేసుకునే అవకాశం ఉంది. రాత్రిపూట ఫోను చేసుకునే పని అదే.

ఇక్కడ చాలామంది చేసే పొరపాటు ఒకటి ఉంది. సిమ్ తీసి వేరే ఫోనులో వేస్తారు. అది మంచిదే, బ్యాంకు ఓటీపీలు ఆగకూడదు కాబట్టి నువ్వూ వేసుకో. కానీ ఆ ఊపులోనే కొత్త ఫోనులో అదే నంబరుతో వాట్సాప్ కూడా మొదలుపెడతారు. ఆ క్షణమే లాప్‌టాప్‌లోనిది బయటికి వచ్చేస్తుంది. అమ్మ గొంతు ఆఖరి ముక్క వరకు దించుకునేదాకా వాట్సాప్ జోలికి వెళ్లవద్దు.

ఆ తర్వాత లాప్‌టాప్‌లోనే ఐక్లౌడ్ సైటులోకి నీ ఆపిల్ ఖాతాతో వెళ్లి ఫోటోలు చూసుకో. అది అడిగే సంకేతం తాళం పడిన ఫోనుకే వెళ్తుంది. రాలేదని చెప్పి, ఎస్సెమ్మెస్‌గా పంపమంటే సిమ్ వేసిన ఫోనుకు వస్తుంది. ఖాతా పాస్‌వర్డ్ కూడా గుర్తు లేకపోతే ముందు దాన్ని సరిచేసుకోవాలి. ఫోను తాళం కన్నా ఇది ముఖ్యం, ఎందుకంటే చెరిపిన ఫోను మళ్లీ నీదని ఒప్పుకోవాలంటే అడిగేది ఈ పాస్‌వర్డే.

చెరపడం ఆఖరి పని. బుధవారం రాత్రి దాటి, నీ కాగితం మీద అంకెలూ తప్పి, లాప్‌టాప్ పనీ ఫోటోల పనీ ముగిశాకే దాని గురించి ఆలోచిద్దాం. అప్పుడు కూడా ఎవరి దగ్గరికీ వెళ్లనక్కర్లేదు. తెర మీద ఉన్న ఆ దారిలోనే ఖాతా పాస్‌వర్డ్ ఇచ్చి చెరిపి, ఐక్లౌడ్ బ్యాకప్ నుంచి వెనక్కి తెచ్చుకోవచ్చు. నేను వేళచ్చేరి వచ్చి నీ పక్కన కూర్చుంటాను. ఫోను కొన్న బిల్లు మాత్రం వెతికి పెట్టు. ఖాతా దగ్గర ఇరుక్కుంటే కంపెనీ వాళ్లు చూసేది దాన్నే.

ఇక ముందు పాస్‌కోడ్ మార్చాలనిపిస్తే పొద్దున మార్చు, రాత్రి పడుకోబోయే ముందు వద్దు. మార్చిన రెండు రోజులు ముఖం గుర్తించే ఏర్పాటు ఆపేసి, ప్రతిసారీ అంకెలే కొట్టు. అంకెలు రాసిన కాగితం కవరులో పెట్టి, బీరువాలో ఇంటి పత్రాలతో పాటు ఉంచి, అల్లుడికి చెప్పు. కాగితం మీద రాయకూడదని ఈ కాలం పిల్లలు అంటారు. ఇంటి బీరువాలోకి వచ్చి పాస్‌కోడ్ వెతికే దొంగను నేను ఇన్నేళ్లలో చూడలేదు. రాసిపెట్టనందుకు ఏడ్చినవాళ్లను వందలమందిని చూశాను.

అమ్మ గొంతు ఉన్న రెండో చోటు గూడూరు. అమ్మ నీకు పంపిన ప్రతి మాటా ఆమె ఫోనులో కూడా ఉంటుంది. ఆ ఫోను బావగారి దగ్గర అలమరలో ఉంది. పక్కింటి అబ్బాయికి ఇచ్చేద్దామని పోయిన నెల ఆయన నాతో అన్నారు. ఇప్పుడే ఆయనకు ఫోను చేశాను. ఎవరికీ ఇవ్వవద్దని, దాన్ని చెరపవద్దని, ఛార్జింగుకు పెట్టమని చెప్పాను. ఆ నంబరుకు రీఛార్జి కూడా చేశాను. 90 రోజులు వాడకపోతే నంబరు ఆపేసే వీలుంది, అమ్మ పోయి అప్పుడే రెండు నెలలు దాటింది కదా. దాని తాళం ఆయనకు తెలుసు, మీ పెళ్లిరోజు తేదీయేనట. గురువారం పొద్దున బండికి నేను వెళ్లి తీసుకొస్తాను.

నీ లాప్‌టాప్‌లో వెతికేటప్పుడు పోయిన వేసవివి ముందు చూడు. ఆవకాయకు ఎన్ని కాయలకు ఎంత ఆవపిండి, ఎంత కారం అని అక్క నీకు చెప్పిన సందేశం ఒకటి ఉండాలి. చెబుతూ చెబుతూ మధ్యలో నన్ను తిట్టింది, మెంతులు ఎక్కువ వేయమంటానని. అది దొరకగానే, ఎంత రాత్రయినా సరే, నాకు పంపు. మేలుకునే ఉంటాను.

మీ మామయ్య