గజపృష్ఠం: ఏనుగు వీపా, వెనుక భాగమా?

సందేహం: ఒక పాత గుడి వర్ణనలో గర్భగుడి మీది కట్టడాన్ని ‘గజపృష్ఠాకార విమానం’ అన్నారని చదివాను. పృష్ఠం అంటే పిరుదులు కదా, గుడిని అలా వర్ణిస్తారా? మరొకచోట ‘గజపుష్టం’ అని కనిపించింది. ఏది సరైనది?

సమాధానం: పృష్ఠానికి మొదటి అర్థం వీపు. నాలుగు కాళ్ల జంతువుకు వీపే పైభాగం కాబట్టి, దేని పైభాగాన్నయినా పృష్ఠం అనడం సంస్కృతంలో అలవాటయింది. భూపృష్ఠం నేల పైభాగం, హర్మ్యపృష్ఠం మేడ పైభాగం. లలితా సహస్రనామం అమ్మవారి మీగాళ్లను కూర్మపృష్ఠంతో పోల్చింది, తాబేటి వీపులా నునుపుగా ఉబ్బి ఉంటాయని. అక్కడ ఎవరికీ రాని అనుమానం ఇక్కడ రావడానికి కారణం మన మొహమాటమే. పిరుదులు అనడానికి సిగ్గుపడి ‘పృష్ఠభాగం’ అంటూ వచ్చాం. చివరికి ఆ మాటకు అదొక్కటే అర్థమన్నట్టయింది.

అయితే మీ అనుమానం పూర్తిగా దారి తప్పిందనీ అనలేను. ఈ రకం గుడి పైకప్పు గూడుబండి కప్పులా పొడవుగా వంగి ఉంటుంది. వెనుక కొసకు వచ్చేసరికి గుండ్రంగా తిరిగి కిందికి దిగుతుంది. పక్క నుంచి చూస్తే ఏనుగు వీపు, వెనుక నుంచి చూస్తే నిలబడిన ఏనుగు వెనుక భాగం. మహాబలిపురంలో 7వ శతాబ్దపు పల్లవ శిల్పులు ఎవరికీ సందేహం మిగల్చలేదు: సహదేవ రథం అనే ఏకశిలా గుడికి ఈ కప్పు తొలిచి, పక్కనే నిలువెత్తు రాతి ఏనుగునూ నిలబెట్టారు. రెండింటి వెనుక నిలబడి చూస్తే నిఘంటువు అక్కర్లేదు. మన దగ్గర చేజెర్ల కపోతేశ్వరాలయం, గుడిమల్లం పరశురామేశ్వరాలయం ఈ తీరువే. చేజెర్లది మొదట బౌద్ధ చైత్యమని, అంటే బౌద్ధుల ప్రార్థనా మందిరమని పండితుల అభిప్రాయం.

రాసేవారు తరచు కలగాపులగం చేసే సంగతి ఒకటుంది. గజపృష్ఠం కప్పుకు చెందిన మాట. నేల మీది ఆకారానికి, అంటే ముందు రెండు మూలలు ఉండి వెనుక గుండ్రంగా ముగిసే గర్భగుడికి, శిల్పశాస్త్రాల్లో ద్వ్యస్రవృత్తం అనే పేరుంది. చతురస్రంలోని ‘అస్రం’, అంటే మూల, ఇక్కడా ఉంది. నోరు తిరగదనుకుంటే చాపాకారం అనండి, విల్లు వంపు గుర్తొస్తుంది. పునాదులు మాత్రమే మిగిలిన కట్టడాన్ని పట్టుకుని గజపృష్ఠం అనడం నాకు నచ్చదు. కప్పే లేనప్పుడు వీపెక్కడిది?

ఇక రాత. ప కింద వట్రుసుడి, ష కింద ఠ ఒత్తు: పృష్ఠం. పుష్టం వేరే మాట, దానికి పోషించబడినది అని అర్థం. కాకి గూట్లో పెరిగే కోకిలను పరపుష్టం అంటారు. ఆ లెక్కన గజపుష్టం అంటే ఏనుగు పెంచిన గుడి.