కెర్మా మీద రాసేముందు

అమ్మాయీ,

సూడాన్‌లోని కెర్మా మీద నీ వ్యాసం చదివాను. మొదటి వాక్యంలోనే 'మరుగున పడిన మహా నాగరికత' అన్నావు. ఆ మాట కొట్టేయి. అది ఎలా మరుగున పడిందో రాయి, వ్యాసానికి ప్రాణం అక్కడుంది.

1913–16 మధ్య అక్కడ తవ్విన అమెరికన్ పురావస్తు శాస్త్రవేత్త జార్జ్ రైస్నర్ పనిలో దిట్ట. తప్పు తవ్వడంలో లేదు, దొరికినదాన్ని చదవడంలో ఉంది. సుమారు 90 మీటర్ల వ్యాసం ఉన్న మట్టిదిబ్బ సమాధిలో ఈజిప్టు అధికారి హెప్‌జెఫా భార్య సెన్నువి విగ్రహం, హెప్‌జెఫా విగ్రహపు ముక్క దొరికాయి. దాంతో సమాధి ఆయనదే, కెర్మా ఈజిప్టు గవర్నర్ల స్థావరం అని రైస్నర్ తేల్చేశాడు. కానీ హెప్‌జెఫా కొండలో సమాధి తొలిపించుకున్నది ఈజిప్టులోని అస్యూత్‌లో. విగ్రహాలు ఆయన పోయిన చాలాకాలానికి కెర్మా చేరాయి. కుష్ (కెర్మా రాజ్యానికి ఈజిప్టువాళ్ల పేరు) సేనలు ఈజిప్టు మీద పడ్డాయని చెప్పే శాసనం ఈజిప్టులోని ఎల్ కాబ్‌లో, అక్కడి గవర్నర్ సోబెక్‌నఖ్త్ సమాధిలో 2003లో బయటపడింది. విగ్రహాలు కొల్లగొట్టి తెచ్చినవన్న వాదనకు అది బలమిచ్చింది.

ఇక్కడ ఆగి, ఆ ఖననాన్ని దగ్గరగా చూపించు. కెర్మావాళ్లు మృతుణ్ణి తల తూర్పుకు, ముఖం ఉత్తరానికి ఉండేలా కుడిపక్కకు ఒత్తిగిలి, కాళ్లు ముడిచి పడుకోబెట్టేవారు. గొప్పింటివాళ్లకు శవపేటిక బదులు మంచం. దాని కోళ్లు ఎద్దు కాళ్లలా చెక్కి ఉంటాయి, కాళ్లవైపు పలకకు దంతపు బొమ్మలు తాపడం చేసి ఉంటాయి. ఒక దిబ్బలో రాజుతోపాటు బలైనవాళ్లు మూడు వందల పైచిలుకు. ఇది ఈజిప్టు పద్ధతి కాదని పాఠకుడు తనంతట తానే గ్రహిస్తాడు.

కెర్మా నగరాన్ని బయటపెట్టింది స్విస్ పురావస్తు శాస్త్రవేత్త షార్ల్ బొన్నే బృందం, 1970ల నుంచి. గుడిసెల కొయ్యలు పుచ్చిపోయినా, గుంజలు పాతిన చోట మట్టి రంగు మారి గుండ్రటి మచ్చలు మిగులుతాయి. వాటిని వరసగా కలిపితే గోడ ఎటు పోయిందో తెలుస్తుంది. ఈ పని గురించి ఒక పేరా పెట్టు.

2003లో దొరికిన ఏడు రాజవిగ్రహాలను మాత్రం ఇందులో కలపకు. పక్కనే ఉన్న దుక్కి గేల్‌లోనే దొరికాయి నిజమే, కానీ కెర్మా రాజ్యం సుమారు క్రీ.పూ. 2500–1500 నాటిది. ఆ విగ్రహాల్లో ఒకటైన తహర్కా క్రీ.పూ. ఏడో శతాబ్దపు రాజు.

అలాగే, అంచు నలుపు, అడుగు ఎరుపు ఉన్న కెర్మా కుండల్ని మన రాకాసి గుళ్ల (పెద్ద రాళ్లతో కట్టిన పాత సమాధుల) కుండలతో ముడిపెట్టావు. కాల్చేటప్పుడు గాలి తగలని భాగం నల్లబడుతుంది, తగిలింది ఎర్రబడుతుంది. ఈ కిటుకు ఏ కుమ్మరికైనా తట్టొచ్చు. ఆ పేరా తీసెయ్.

ముందు మంచం పేరా ఒక్కటీ తిరగరాసి పంపు.